కట్ చెప్పాక

అమెరికాలో, ఫ్రీమాంట్ అనే ఊళ్లో మా అమ్మాయి ఇంటి తలుపు మాట్లాడుతుంది. నేను గడియ తీసి ఒక కాలు బయట పెట్టానో లేదో, కాలింగ్ బెల్ పక్కనున్న కెమెరాలోంచి రేణు గొంతు వినిపిస్తుంది. "నాన్నా, ఎక్కడికి?" తనెక్కడో ఆఫీసులో మీటింగులో ఉంటుంది. అయినా తలుపు తీసిన సంగతి తన ఫోనుకి తెలిసిపోతుంది. "ఎక్కడికీ లేదమ్మా, కాస్త గాలి కోసం" అని ఆ కెమెరాకేసి చూసి చెప్పి, మళ్లీ లోపలికొచ్చి కూర్చుంటాను. నలభై ఏళ్లు కెమెరాల ముందు బతికినవాణ్ణి. ఒక్క కెమెరాకీ ఇంతగా భయపడలేదు.

అంతా నేను చేసుకున్నదే లెండి. ఈ మే నెలలో, వచ్చిన కొత్తలో, ఒక సాయంత్రం నడకకి వెళ్లి తిరిగొస్తూ, గుమ్మానికి ప్లాస్టిక్ మావిడాకుల తోరణం చూసి మనిల్లే అనుకుని లోపలికి వెళ్లిపోయాను. చెప్పులు విప్పి సోఫాలో చతికిలబడి, మంచినీళ్లు పట్టుకురమ్మని కేకేశాను. లోపల్నించి వచ్చింది రేణు కాదు. గుంటూరావిడ, పద్మగారట. నన్ను చూసి అరవబోయి, టక్కున ఆగి, "అయ్యో! మీరు హీరోయిన్ వాళ్ల నాన్న కదండీ!" అంది. ఆ వీధిలో రెండు మూడిళ్లకో తోరణం ఉంది, ఇళ్లన్నీ ఒకే రంగు. పద్మగారు కాఫీ ఇచ్చి, సెల్ఫీ దిగి, రేణుకి ఫోన్ చేసి మరీ నన్ను అప్పగించింది. ఆ రోజుతో నా షికార్లు బంద్.

నా పేరు అప్పారావు. పేరు చెబితే మీకు తెలియదు, మొహం చూస్తే తెలుస్తుంది. విలన్ కాళ్ల దగ్గర కండువా పెట్టి "బాబూ, నా బిడ్డని వదిలెయ్యండి బాబూ" అని ఏడ్చేది నేనే. ఆపరేషన్ థియేటర్లోంచి బయటికొచ్చి, కళ్లజోడు తీసి, "అయామ్ సారీ" అనేదీ నేనే. ఇంటర్వెల్‌కి ముందు చచ్చిపోయి హీరోకి పగ పుట్టించేదీ నేనే. అలాంటివాణ్ణి పొద్దున్న ఎనిమిదింటికి అమ్మాయి, అల్లుడు చక్రధర్ చెరో కారెక్కి పోతే, సాయంత్రం దాకా నాలుగ్గదుల్లో తిరుగుతూ ఉండేవాణ్ణి. సెప్టెంబర్లో తిరుగు టిక్కెట్టు. దాన్ని తలుచుకుంటూ కాలం గడిపాను.

మా పక్కిల్లు డీలియాది. అరవై ఏడేళ్ల మనిషి, టీచరుగా చేసి రిటైరైంది. ఆ వీధిలో మిగిలిన పాతకాపు ఆవిడొక్కతే. ఆవిడ దగ్గర తొంభై రెండేళ్ల తండ్రి ఉంటాడు, చక్రాల కుర్చీలో. జూన్లో ఆవిడకి ఏదో సమ్మర్ స్కూల్లో మధ్యాహ్నం క్లాసులు వచ్చాయి. తండ్రిని ఒంటరిగా వదల్లేదు. ఇటు రేణుకి నన్ను రోజంతా ఒంటరిగా వదిలి వెళ్లడం దిగులు. ఇద్దరూ కంచె దగ్గర నిలబడి మాట్లాడుకున్నారు. 

"నాన్నా, నీకు ప్లే డేట్ సెట్ చేశాను" అంది రేణు ఆ సాయంత్రం.

"అంటే?"

"ఇక్కడ పిల్లల్ని ఆడుకోవడానికి జతచేస్తారే, అదే. పక్కింటి పెద్దాయనతో కూర్చోవాలి. మధ్యాహ్నం రెండు గంటలు. ఆయన కూడా యాక్టరేనట, ఎప్పుడో."

డీలియా నాకు మూడు ఆంక్షలు పెట్టింది. ఆయన్ని మెట్లు దిగనివ్వకూడదు. ఉప్పు బిస్కెట్లు ఇవ్వకూడదు. టీవీలో పాత కౌబాయ్ సినిమాలు పెట్టకూడదు. మొదటి రెండూ అర్థమయ్యాయి. మూడోది ఎందుకని అడుగుదామనుకునేలోపు ఆవిడ కారు స్టార్ట్ చేసేసింది.

ఆయన పేరు రామిరో ఒర్నెలాస్. పొడుగాటి మనిషి, కుర్చీలో కూర్చున్నా మోకాళ్లు ఎత్తుగా కనిపిస్తాయి. చొక్కా ఇస్త్రీ నలగదు. మేం మాట్లాడుకున్నదంతా ఇంగ్లీషే. ఆయనది వార్తలు చదివేవాళ్ల ఇంగ్లీషు, నాది డాక్టర్ వేషాల్లో నేర్చిన ఇంగ్లీషు. రెండూ కలిపి ఇక్కడ తెలుగులో చెబుతున్నాను.

మొదటి రోజు ఇద్దరం ఒకరి మొహం ఒకరు చూసుకుంటూ కూర్చున్నాం. పొద్దుపోక నేను రిమోట్ తీసి నొక్కుతూ పోయాను. ఒకచోట రోజంతా పాత కౌబాయ్ బొమ్మలే వేసే చానల్ తగిలింది. డీలియా మాట గుర్తొచ్చి మార్చబోతుంటే తెరమీద ఒక బందిపోటు మేడ మీంచి ఏదో అరుస్తున్నాడు. పెద్ద టోపీ, గుబురు మీసం, గార పట్టిన పళ్లు, ముక్కలు ముక్కలు ఇంగ్లీషు. హీరో తుపాకీ పేల్చాడు. గుండు తగలగానే వాడు ముందు మోకాలు విరిచాడు, తర్వాత భుజం వాల్చాడు, మొహం మాత్రం చివరిదాకా కెమెరాకి దొరికేలా కిందికి పడ్డాడు. అలా పడడం నేర్చుకోవడానికి మనిషికి ఏళ్లు పడుతుంది. 

"భలే పడ్డాడు" అన్నాను, చేతిలో రిమోట్ సంగతే మరిచిపోయి.

"ఎడమవైపు రాయి ఉంది. లేకపోతే ఇంకా బాగా పడేవాణ్ణి" అన్నారు రామిరోగారు.

నేను తెరకేసి, ఆయనకేసి గుడ్లప్పగించి చూశాను. మీసం లేదు, పళ్లు తెల్లగా ఉన్నాయి. కళ్లు అవే. నేను లేచి నిలబడి నమస్కారం పెట్టాను. పెద్ద నటుడు కనిపిస్తే అలా లేచి నిలబడడం మాకు అలవాటు.

ఇక ఆ తర్వాత రోజూ అదే పని. డీలియా కారు మలుపు తిరగ్గానే చానల్ పెట్టేవాళ్లం, కారు చప్పుడు వినిపించగానే కట్టేసేవాళ్లం. బడి ఎగ్గొట్టిన పిల్లల్లా మాకదో సరదా. నిజం చెప్పొద్దూ, నాకు ఆ మధ్యాహ్నాలతో ప్రాణం లేచొచ్చింది.

ఆయన లాస్ ఏంజెలెస్‌లో పుట్టారు. తండ్రి దర్జీ. స్కూల్లో ఉపన్యాసాల పోటీల్లో బహుమతులు కొట్టారు. ఆ గొంతు నమ్ముకుని ఇరవయ్యేళ్లకి స్టూడియోకి వెళితే, "నీ ఇంగ్లీషు మరీ బాగుందయ్యా, జనం నమ్మరు" అన్నారట. ఇంగ్లీషు ఎలా విరగ్గొట్టి మాట్లాడాలో నేర్పడానికి ఒక మాస్టార్ని పెట్టారు. ఆ మాస్టారు లండన్ నుంచి వచ్చినవాడు. 

"మరి ఆ బందిపోట్లు అరిచే స్పానిష్?" అని అడిగాను.

"నాకు స్పానిష్ సరిగా రాదు రావ్. అమ్మమ్మ కోళ్లని అదిలించే మాటలు గుర్తుండేవి. గుర్రం మీద కూర్చుని అవే అరిచేవాణ్ణి. ఒక్కడూ కనిపెట్టలేదు."

బందిపోటు, బందిపోటు తమ్ముడు, గుర్రాలశాల నౌకరు, కొండజాతి నాయకుడు, సుల్తాను అంతఃపురం కాపలాదారు. ఎక్కడ చామనచాయ మనిషి కావాలన్నా ఆయనకే కబురొచ్చేది. "టోపీ మార్చేవాళ్లు, అంతే" అన్నారు. టీవీ వచ్చాక వారానికొక కథ, వారానికొక చావు. ఒకసారి మేకుల మంచం మీద కూర్చునే మన దేశపు ఫకీరు వేషం కూడా కట్టారట. ఆ నమస్కారం ఎలా పెట్టారో చేసి చూపించారు. గోంగూర కట్ట విప్పుతున్నట్టుంది. నేను వేళ్లు సరిచేసి నేర్పాను. ఒక్కసారైనా హీరోగా అడిగారా ఎవరైనా అంటే, "అడిగారు. సంతకం దాకా వచ్చింది. తర్వాత ఆ పాత్రకి ఒక తెల్లతన్ని పెట్టి మొహానికి రంగు పూశారు. వాడి పక్కన చచ్చిపోయే వేషం నాకిచ్చారు" అన్నారు. కోపంగా చెప్పలేదు. నీళ్ల గ్లాసు అందుకుంటూ చెప్పారు. 

ఆయన నవ్వుతూ చెప్పే కథ ఒకటుంది. డీలియాకి ఏడేళ్లప్పుడు ఈయన యూటా ఎడారిలో ఏదో షూటింగులో ఉన్నారు. ఎప్పుడో వసంతంలో చేసిన ఎపిసోడ్ ఒకటి ఆ వారం టీవీలో వచ్చింది, అందులో ఈయన్ని కాల్చేస్తారు. డీలియా మర్నాడు బడికెళ్లి మా నాన్న పోయాడని చెప్పింది. క్లాసంతా లేచి నిలబడి ప్రార్థన చేసింది. టీచరు కేకు పట్టుకుని పరామర్శకి ఇంటికొచ్చింది! "నా చావు కేకు నేనే తిన్నాను రావ్, ఆలస్యంగా వచ్చినా కొంచెం మిగిల్చారు" అని ఆయన తొడమీద చరిచారు. నేనూ పడీపడీ నవ్వాను. ఎన్ని విందుల్లో చెప్పి ఉంటారో, ఎక్కడ ఆగాలో ఎక్కడ కనుబొమ్మ ఎగరెయ్యాలో అంతా కుదిరిపోయి ఉంది.

"డీలియాకి ఏ సినిమా ఇష్టం?" అని అడిగాను.

ఆయన నవ్వు ఆగిపోయింది. "ఒక్కటీ చూడలేదు" అన్నారు.

జూలైలో పద్మగారు మా సంగతి వాట్సాప్ గ్రూపులో పెట్టింది. ఇద్దరు యాక్టర్లు ఒకే వీధిలో అని. అది చూసి శ్రేయాస్ అనే కుర్రాడు ఫోన్ చేశాడు. ఇక్కడే పుట్టి పెరిగిన మన పిల్లాడు, వారమంతా ఏదో కంపెనీలో కోడ్ రాసుకుని, శనివారాలు ఈ ఊళ్లోనే నైల్స్ వైపు ఒక చిన్న హాల్లో పాత సినిమాలు వేస్తుంటాడు. 

"అంకుల్, మేము ఒర్నెలాస్ సర్ మూవీ వేస్తాం. ఆగస్ట్ లాస్ట్ సాటర్డే, మాటినీ. సర్ వస్తారా? ఆడియన్స్‌తో కొంచెం మాట్లాడాలి, అంతే."

ఆ రోజునుంచి రామిరోగారు రోజూ గడ్డం గీసుకోవడం మొదలుపెట్టారు. కోటు బయటికి తీయించారు. అంతా అయ్యాక, ఒక సాయంత్రం నేను ఇంటికి లేవబోతుంటే, డీలియాతో మెల్లగా అన్నారు. "నువ్వు నా పక్కన కూర్చుంటే వెళతాను."

"నేను డ్రైవ్ చేస్తాను డాడ్. దింపుతాను, మళ్లీ ఎక్కించుకుంటాను."

"లోపలికి?"

"రాను."

"నాకు తొంభై రెండేళ్లు డీలియా."

"తెలుసు. నీ మాత్రలు ఇచ్చేది నేనే కదా."

ఆవిడ వంటింట్లోకి వెళ్లిపోయింది. ఆయన నావైపు తిరిగారు. "నాకు బిరుదులొద్దు రావ్. చప్పట్లొద్దు. పోయేలోగా ఒక్క బొమ్మ నా కూతురి పక్కన కూర్చుని చూడాలి. అదొక్కటి దక్కితే చాలు" అన్నారు. ఆ మనిషి గొంతులో నటన లేకపోవడం నేను మొదటిసారి విన్నాను. ఎలాగైనా ఆవిడని ఒప్పించాలని నా అంతట నేనే పెత్తనం మీదేసుకున్నాను.

ఆదివారం పొద్దున్న డీలియా తన చెట్టు నిమ్మకాయలు పట్టుకుని మా ఇంటికొచ్చింది. రేణు పెసరట్లు పోస్తోంది. ఆవిణ్ణి కూర్చోబెట్టి ప్లేటు ముందు పెట్టింది. చక్రధర్ గ్యారేజీలో ఉన్నాడు. ఇంతకంటే మంచి అదను దొరకదని నేను గొంతు సవరించుకున్నాను.

"అమ్మా, మీ నాన్నగారి మీద కోపమా?"

"నాన్నా!" అంది రేణు పొయ్యి దగ్గర్నుంచి, తెలుగులో. "పర్సనల్ విషయాలు అడక్కు."

"పర్వాలేదు" అంది డీలియా. మా గొంతులు విని ఏదో గ్రహించినట్టుంది. అట్టు ముక్క తుంచింది. "కోపం కాదు. నాకు ఏడేళ్లప్పుడు మా నాన్న చనిపోయాడు."

నేను తెల్లమొహం వేశాను.

"మీకు ఆయన ఆ కేకు కథ చెప్పే ఉంటాడు. అందరికీ చెబుతాడు. అందులో ఆయన చెప్పనిది, ఆయనకి తెలియనిది ఏమిటంటే, అది ఒక్కరోజు కాదు. మా అమ్మ రాత్రి షిఫ్టుకి వెళ్లింది, అమ్మమ్మ కుర్చీలో నిద్రపోతోంది. నేనొక్కదాన్నే టీవీలో చూశాను. మా అమ్మకి చెబితే ఏడుస్తుందని చెప్పలేదు. బడిలో టీచరుకి చెప్పాను, ఇంట్లో చెప్పొద్దని ఒట్టు వేయించుకుని. ఆవిడ ఆగలేక కేకు పట్టుకుని రావడానికి చాలా రోజులు పట్టింది. ఆ రోజులన్నీ రోజూ అమ్మ జడ వేస్తుంటే, నాన్న లేడని నాకొక్కదానికే తెలుసు." ఆవిడ ఆగింది. "తర్వాత ఆయన ఆటబొమ్మలు పట్టుకుని గుమ్మంలోకి వచ్చి నిలబడ్డాడు. అందరూ నవ్వారు. నన్నూ నవ్వమన్నారు. వచ్చినవాడు మా నాన్నేనని నాకు చాలాకాలం నమ్మకం కుదరలేదు."

ఆవిడకి ఏదైనా ఊరట చెప్పాలి. నాకు తెలిసింది సినిమా ఒకటే. 

"మా దగ్గర ఒక ఆచారం ఉందమ్మా" అన్నాను. "చచ్చిపోయే సీను తీశాక, శవం వేషం వేసినవాణ్ణి అలా వదిలెయ్యరు. దిష్టి తీస్తారు. అదే మేకప్‌లో, అదే రక్తంతో లేపి కూర్చోబెట్టి, కెమెరాకేసి చూసి నవ్వమంటారు. ఆ నవ్వు కూడా ఫిల్ము మీద తీస్తారు. చావు షాటు ఆఖరి షాటు కాకూడదని. అది మనిషి వెనకే ఇంటికి రాకూడదని. ఎంత చిన్న వేషమైనా సరే, నేను నవ్వకుండా సెట్టు దాటలేదు."

డీలియా శ్రద్ధగా వింది. "చాలా మంచి పద్ధతి. ఆ నవ్వు సినిమాలో ఉంటుందా?"

"ఉండదమ్మా. ఎడిటింగ్‌లో తీసి పారేస్తారు."

"మరి పిల్లలకి ఎలా తెలుస్తుంది?"

నలభై ఏళ్లలో ఆ ప్రశ్న నాకు తట్టనేలేదు.

"తెలీదు" అంది రేణు. మావైపు వీపు పెట్టి నిలబడే ఉంది. ఆ తర్వాత తెలుగులోకి మారిపోయింది. "రేపల్లెలో అమ్మమ్మ నన్ను మ్యాట్నీకి తీసుకెళ్లింది నాన్నా. నిన్ను పొడిచేశారు. ఇంటర్వెల్‌లో నాకు గోల్డ్‌స్పాట్ కొనిపెట్టింది. నువ్వు హైదరాబాద్‌లో ఉన్నావ్. నువ్వొచ్చేదాకా రోజూ బడి నుంచి రాగానే గేటు దగ్గరే కూర్చున్నా. వస్తావో రావో చూద్దామని."

"నాకెప్పుడూ చెప్పలేదేమ్మా?"

"ఏం చెప్పాలి? నువ్వొచ్చేశావ్ కదా."

మాడిన వాసనొచ్చింది. రేణు పెనం దించి సింకులో పెట్టింది. నేను గడప దాటితే ఆ పిల్ల ఎందుకంత కంగారుపడుతుందో, ఆ కెమెరా ఎందుకు పెట్టించిందో, నాకు అప్పుడు కొంచెం అర్థమైంది. ఆ మాట బయటికి అనలేదు. డీలియా ఏమీ అడక్కుండా లేచి వెళ్లి రేణు పక్కన నిలబడి పెనం తోమడం మొదలుపెట్టింది. ఆవిణ్ణి హాలుకి రమ్మని అడగడానికి ఇక నాకు మొహం చెల్లలేదు.

సోమవారం మధ్యాహ్నం రామిరోగారు నాకోసం ఎదురుచూస్తున్నారు. "ఆ రోజు జనానికి ఏం చెప్పాలో ఆలోచించాను రావ్. కేకు కథతో మొదలుపెడతాను. అది ఎప్పుడూ పేలుతుంది."

"ఆ కథ ఇక చెప్పకండి" అన్నాను.

ఆయనకి అర్థం కాలేదు. నేను విన్నదంతా చెప్పాను. అమ్మ జడ వేస్తుంటే తనొక్కదానికే తెలిసిన సంగతి కూడా చెప్పాను. ఆయన టీవీ కట్టేశారు. డీలియా రావడానికి ఇంకా చాలా టైముంది.

"అరవై ఏళ్లుగా చెబుతున్నాను. అందరూ నవ్వుతారు."

"డీలియా నవ్విందా?"

ఆయన కుర్చీ కిటికీవైపు తిప్పుకున్నారు. కిటికీలోంచి ఎండిపోయిన కొండలు పసుప్పచ్చగా కనిపిస్తున్నాయి. ఒక లారీ వీధిలోంచి పోయింది. 

"ఇప్పుడు నేనేం చెప్పాలి?" అన్నారు చివరికి. "పోనీ, నువ్వే చెప్పు. నువ్వు ఇన్ని సినిమాల్లో తండ్రి వేషం వేశావు కదా. తండ్రి ఏం చెబుతాడు?"

నా దగ్గర ఏడుపు డైలాగులు కావలసినన్ని ఉన్నాయి. ఒక్కటీ పనికిరాలేదు. "నాకూ ఎవరో ఒకరు రాసిచ్చేవాళ్లండీ" అన్నాను.

మాటలమ్ముకుని బతికిన ఇద్దరు ముసలివాళ్లకి ఒక్క మాట దొరకలేదు. ఆ తర్వాత వారాల్లో మేం చానల్ పెట్టలేదు. ఆయన తిండి తగ్గించారు. వెళ్లనని శ్రేయాస్‌కి చెప్పెయ్యమన్నారు, మళ్లీ సాయంత్రానికి వద్దు చెప్పొద్దన్నారు. ఒకరోజు, "తను కారులోనే కూర్చుంటుంది. కూర్చోనీ. అదే పార్కింగ్‌లో ఉంటుంది కదా" అన్నారు. నేను సరేనన్నాను. నాకు ఆయన్ని చూస్తే జాలేసింది, నన్ను చూసుకుంటే అంతకంటే ఎక్కువ జాలేసింది.

ఆఖరి శనివారం నలుగురం డీలియా వ్యానులో వెళ్లాం. రేణు శనివారాలు కూడా వదలని ల్యాప్‌టాప్‌ని ఇంట్లో పెట్టి వచ్చింది. డీలియా హాలు ముందు కుర్చీ దించి, తండ్రి కోటు కాలరు సరిచేసి, మళ్లీ వ్యానెక్కి పార్కింగులోకి వెళ్లిపోయింది. ఆయన అటే చూస్తుంటే నేను కుర్చీ లోపలికి తోశాను.

హాలు సగం నిండింది. తెల్లజుట్టు వాళ్లు కొందరు, పద్మగారి వాట్సాప్ గ్రూపు మొత్తం. శ్రేయాస్ మమ్మల్ని ముందు వరసలో పెట్టాడు. ఆయనకి ఆ పక్క సీటు ఖాళీ. బొమ్మ మొదలైంది. అందులో ఆయన బందిపోటు తమ్ముడు. సారా కొట్లో తిట్లు తింటాడు, గుర్రం దొంగిలిస్తాడు, హీరో ముందు మోకాళ్ల మీద పడి ప్రాణభిక్ష అడుగుతాడు. నా కండువా సీనే అది, కండువా లేదు, అంతే. ఆయన ఆ సీను చూడలేదు. మెడ తిప్పి తలుపుకేసి చూస్తున్నారు. తెరమీద ఆ తమ్ముడు గుర్రమెక్కి పారిపోబోతుంటే తుపాకీ పేలింది. ఆయన గుర్రం మీంచి వాలి ఇసుకలో పడ్డారు. కెమెరా ఒక్క క్షణం ఆ మొహం మీద ఆగి, హీరో వైపు తిరిగిపోయింది.

"ఇక ఇందులో నేను లేను" అన్నారు నా చెవిలో.

అప్పుడే వెనక తలుపు తెరుచుకుని ఎండ లోపల పడింది. డీలియా నడిచొచ్చి ఆ ఖాళీ సీట్లో కూర్చుంది. ఆవిడ చేతులు ఒళ్లో పెట్టుకుని, తెరమీద హీరో గుర్రాన్ని చూస్తూ ఉండిపోయింది. ఆయన చావు అయిపోయిందని బయటున్న మనిషికి ఎవరు చెప్పారో నాకు అంతుపట్టలేదు. రామిరోగారు గట్టిగా ఊపిరి పీల్చడానికి కూడా జంకుతున్నట్టు కూర్చున్నారు. మిగిలిన గంటా ఆయన లేని ఆయన సినిమాని ఇద్దరూ పక్కపక్కన కూర్చుని చూశారు.

లైట్లు వేశారు. చప్పట్లయ్యాయి. శ్రేయాస్ మైకు తెచ్చి ఇంగ్లీషులో అడిగాడు. "సర్, మీరు స్క్రీన్ మీద ఎన్నోసార్లు చనిపోయారు. దాని గురించి ఒక సరదా సంగతి చెబుతారా?"

ఆయన మైకు అందుకున్నారు. కనుబొమ్మ అలవాటుగా పైకి లేచింది. కేకు కథ పెదాల దాకా వచ్చింది, నేను చూశాను. మళ్లీ కనుబొమ్మ దిగింది. ఆయన మైకు ఒళ్లో పెట్టేసుకుని కూతురివైపు తిరిగారు.

"కట్ చెప్పాక నేను లేచాను" అన్నారు.

జనం మిగతా జోకు కోసం ఎదురుచూశారు.

"అంతే. ఇందాక చూశారే, అక్కడ. లేచాను. టోపీలో ఇసుక దులుపుకున్నాను. భోజనానికి వెళ్లాను."

ఎవరో ఒకరిద్దరు మర్యాదకి నవ్వారు. డీలియా తల ఎత్తలేదు. 

"ఏం తిన్నావ్?" అంది.

"చిక్కుడు గింజలు. చల్లారిపోయాయి. రెండుసార్లు పెట్టించుకున్నాను."

"మరి ఉరి తీసిందో?"

ఆయన మొహంలో రంగు మారింది. "ఏ ఉరి?"

"పోస్టాఫీసు ముందు. వాన పడుతూ ఉంటుంది."

"నడుముకి బెల్టు కట్టారు, చొక్కా లోపల. దించగానే ఒక దుప్పటి కప్పారు. కాఫీ తాగాను." ఆయన కుర్చీలో ముందుకి వంగారు. "మిహా, నువ్వది చూశావా?" మిహా అంటే వాళ్ల భాషలో అమ్మలూ అని, ఆ తర్వాత తెలుసుకున్నాను.

"అన్నీ చూశాను" అంది డీలియా. "అమ్మ షిఫ్టుకి వెళ్లాక చూసేదాన్ని. ఈసారైనా లేస్తావేమోనని. నువ్వు లేచేలోపే వాళ్లు హీరోని చూపించేసేవాళ్లు."

శ్రేయాస్ గడియారం చూసుకుని ఏదో అనబోయాడు. "శ్రేయాస్, కాసేపు ఆగు" అంది రేణు, గట్టిగానే. నా పక్కకి వచ్చి నిలబడి నా మోచెయ్యి పట్టుకుంది. చిన్నప్పుడు తిరునాళ్లలో తప్పిపోతానని పట్టుకునేది అలా. నాకు ఏడుపొచ్చింది, గ్లిజరిన్ లేకుండా.

జనం ఒక్కొక్కరే లేచి చప్పుడు కాకుండా వెళ్లిపోయారు. వాళ్లిద్దరూ గమనించలేదు. నేను కుర్చీ తోశాను, డీలియా పక్కన నడుస్తూ వంగి అడుగుతోంది.

"గుర్రం మీదపడి నువ్వు నలిగిపోయిందో?"

"అది మంచి గుర్రం. చూసుకుని పడేది. లేచి దానికి ఆపిల్ పెట్టాను."

"నదిలో కొట్టుకుపోయిందో?"

"కింద ఇద్దరు నిలబడి పట్టుకున్నారు. ఒడ్డుకొచ్చి తుమ్ములు మొదలుపెట్టాను. టవల్ ఇచ్చారు."

"కొండ మీంచి?"

"పరుపులు వేశారు. లేచాను."

బయట ఎండ ఇంకా తగ్గలేదు. పార్కింగు చివరన ఉంది వ్యాను. అక్కడిదాకా డీలియా అడుగుతూనే ఉంది, ఆయన లేస్తూనే ఉన్నారు.